మైక్రోఅర్రే డేటాబేస్‌లు: ముడి డేటా కోసం పట్టు ఎందుకు

1995లో స్టాన్‌ఫర్డ్‌లో ప్యాట్రిక్ బ్రౌన్ బృందం అరబిడాప్సిస్ మొక్క జన్యువులు 45 తీసుకుని, వాటి డీఎన్‌ఏను గాజు పలక మీద చుక్కలుగా పెట్టి, ఏ జన్యువు ఎంత చురుగ్గా ఉందో ఒకేసారి కొలిచింది. ఇలాంటి పలకనే మైక్రోఅర్రే, లేదా చిప్, అంటారు. 1997కల్లా ఈస్ట్ జన్యువులు దాదాపు అన్నీ, అంటే ఆరు వేలకు పైగా, ఒకే పలక మీదికెక్కాయి. వచ్చిపడ్డ అంకెలను ఎవరి ఎక్సెల్ షీట్లో వాళ్లు, ఎవరి వెబ్‌సైట్లో వాళ్లు పెట్టుకున్నారు. చిక్కు అక్కడే మొదలైంది.

మైక్రోఅర్రే అంకెకు తనంతట తానుగా అర్థం లేదు. రెండు రంగుల పద్ధతిలో ఒక నమూనాకు సై3 అనే ఆకుపచ్చ రంగు, రెండోదానికి సై5 అనే ఎర్ర రంగు పట్టించి, కాంతి తీవ్రతల నిష్పత్తికి 2 ఆధారంగా లాగరిథమ్ కడతారు. రెట్టింపైతే 1, సగమైతే -1. రోగి కణజాలానికి ఏ రంగు పట్టించారో రాసిపెట్టకపోతే పెరిగిన జన్యువు తగ్గినట్టు కనిపించవచ్చు. ఎక్సెల్ తెచ్చిన తంటా ఇంకోటి: సెప్ట్2 అనే జన్యువు పేరును సెప్టెంబరు 2వ తేదీగా మార్చేస్తుంది. దీనిపై 2004లోనే హెచ్చరిక వచ్చింది. 2020 నాటికి జన్యువులకు పేర్లు పెట్టే నామకరణ సంఘమే జన్యువు పేరును సెప్టిన్2 చేసింది.

అమెరికా ప్రభుత్వ జీవసమాచార కేంద్రం ఎన్‌సీబీఐ 2000లో ఈ అంకెలను అందరికీ అందుబాటులో ఉంచే జియో డేటాబేస్ తెరిచింది. అందులో చిప్ వివరం, ఒక్కో నమూనా, మొత్తం ప్రయోగం వేర్వేరు రికార్డులు. ఈ విభజన వల్లే ఒకే చిప్ వాడిన ప్రయోగాలన్నీ వెతికి పట్టుకోవచ్చు. 2001 డిసెంబరులో, మైక్రోఅర్రే ప్రయోగం గురించి కనీసం ఏమేం చెప్పాలో నిర్దేశించే మియామీ ప్రమాణం వచ్చింది: ముడి డేటా (స్కానర్ నుంచి నేరుగా వచ్చినది), సవరించిన డేటా (లెక్కలు కట్టి సరిచేసినది), నమూనా వివరాలు, ప్రయోగ రచన, చిప్ వివరాలు, ప్రయోగశాల పద్ధతులు అన్నీ ఇవ్వాలి. యూరప్‌లో జీవసమాచార సంస్థ ఈబీఐ 2002లో అర్రేఎక్స్‌ప్రెస్ అనే డేటాబేస్ మొదలుపెట్టింది. దానికి డేటా పంపేందుకు చేసిన ఎక్స్ఎంఎల్ (ట్యాగులతో రాసే ఫైలు) రూపం మామూలు ల్యాబులకు మోయలేని బరువైంది. అందుకే 2006లో సాదా పట్టిక రూపం తెచ్చారు. ఆ పని ముందే చేయాల్సింది.

నిబంధన ఉన్నంత మాత్రాన పని జరగదు. 2005–06లో నేచర్ జెనెటిక్స్‌లో వచ్చిన 18 వ్యాసాల విశ్లేషణలను మళ్లీ చేసి చూస్తే, 2009లో వెలువడిన ఫలితం ఇది: రెండు సరిపోయాయి, ఆరు కొంతవరకు, పది అసలు కుదరలేదు. ప్రధాన కారణం డేటా దొరకకపోవడమే.

ఇప్పుడు పాత డేటా తీసుకునేవాళ్లు సవరించిన పట్టికతో సరిపెట్టుకోకూడదు. అఫిమెట్రిక్స్ కంపెనీ చిప్ అయితే, ముడి కొలతలుండే సీఈఎల్ ఫైళ్లే దించుకోవాలి. వాటి హెడర్‌లో సాధారణంగా స్కాన్ తేదీ ఉంటుంది. రోగుల చిప్‌లన్నీ ఒక రోజు, ఆరోగ్యవంతులవి ఇంకో రోజు స్కాన్ చేసి ఉంటే, కనిపించే తేడా జబ్బుదో ఆ రోజుదో ఏ గణాంక పద్ధతీ విడదీయలేదు.