కజ్జికాయలో పండు పెట్టవచ్చునా?

పర్లాకిమిడి,
జూన్ నెలాఖరు.

చిరంజీవులకు మీ అమ్మమ్మ ఆశీస్సులు.

ఒడియావాళ్ళ రజో పండుగకు మీరు వచ్చినప్పుడు, పక్కింటి ఒడియా పిన్నిగారు, అదే మన మావుసి, పంపిన పోడో పిఠా అనే పిండివంట తింటూ ఒక ప్రశ్న అడిగారు. వాళ్ళ ఇంట్లో పిండివంటను కాల్చి చేస్తుంటే మన ఇంట్లో అన్నీ నూనెలోనే ఎందుకు వేయిస్తామని, కజ్జికాయలో కొబ్బరికి బదులు పండు పెట్టి కాలిస్తే ఏమవుతుందని మీ సందేహం. ఆ పూట ఇంటినిండా చుట్టాలు ఉండడంతో "చూద్దాంలే" అని దాటవేశాను. ఇప్పుడు తీరుబడి దొరికింది కనుక వివరంగా రాస్తున్నాను. పండు పెట్టి కాల్చవచ్చును, చాలా బాగుంటుంది కూడా. అయితే నీటితో మనకు పేచీ వస్తుంది. ఈ ఉత్తరమంతా ఆ పేచీ గురించే.

మన పొయ్యి వేడిని కింది నుంచి మాత్రమే ఇస్తుంది. అందువల్ల మన పెద్దలు వంటకానికి నాలుగు వైపులా వేడి తగలాలంటే దానిని నూనెలో ముంచేవారు, లేకుంటే ఆవిరి మీద ఉడికించేవారు. పోడో పిఠా చేసేవాళ్ళు మరొక దారి పట్టారు. పిండిని అరటాకులో చుట్టి, కిందా పైనా ఆరిపోతున్న నిప్పులు పెట్టి, రాత్రంతా అలాగే వదిలేస్తారు. బేకరీలోని భట్టీ అయినా, మీ అమ్మ కొనుక్కున్న ఓవెన్ అయినా చేసే పని అదే. వంటకాన్ని అన్ని వైపుల నుంచి పొడి వేడితో చుట్టి ఉంచుతుంది.

ఇక్కడ మీరు గమనించవలసిన విచిత్రం ఒకటి ఉంది. కజ్జికాయలు వేగే నూనె దాదాపు 170 నుంచి 180 డిగ్రీల సెల్సియస్ వేడిలో ఉంటుంది, ఓవెన్‌ను కూడా మనం 180 లేదా 200 దగ్గరే పెడతాము. అయినా నూనెలో మూడు నాలుగు నిమిషాలలో ఎర్రబడే కజ్జికాయకు ఓవెన్‌లో 25 నిమిషాలు పడుతుంది. నూనె వంటకాన్ని అంటిపెట్టుకుని వేడిని గబగబా లోపలికి పంపుతుంది, గాలికి ఆ శక్తి చాలా తక్కువ. అంత వేగంగా కాలే కజ్జికాయలో తడి ఉంటే నీరు ఒక్కసారిగా ఆవిరై, అంచు విడిపోయి, నూనె చిందుతుంది. అందుకే అందులో ఎండుకొబ్బరి, బెల్లం, పుట్నాలపప్పు పొడి, వేయించిన రవ్వ వంటి పొడి సరుకునే పెడతారు. ఓవెన్‌లో ఆవిరి నెమ్మదిగా పుట్టి నెమ్మదిగా బయటకు పోతుంది కనుక, పండు గుజ్జును కూడా అది కొంతవరకు సహిస్తుంది.

పండు పెట్టి కాల్చిన ఇటువంటి చిన్న వంటకాలను పేస్ట్రీలు అంటారు. మన ఊరి బేకరీలో పేస్ట్రీ అడిగితే క్రీము పూసిన కేకు ముక్క ఇస్తారు, నేను చెబుతున్నది అది కాదు. గుడ్డు పెట్టి అమ్మే పఫ్ వీటికి దగ్గరి చుట్టం. ఫ్రాన్సులో ఆపిల్ గుజ్జు పెట్టి అర్ధచంద్రాకారంలో మడిచిన దానిని షోసోఁ అంటారు, ఆ మాటకు ఇంట్లో తొడుక్కునే మెత్తని చెప్పు అని అర్థం. ఇండోనేషియాలో అనాసపండు పాకంతో చేసే నాస్తార్ ఉంది. అననాస్, తార్త్ అనే రెండు డచ్చి మాటలు కలిసి ఆ పేరు వచ్చింది. మీకు నేర్పదలచినది, వేషానికి కజ్జికాయ, కడుపులో నాస్తార్.

అనాసపండునే ఎందుకు ఎంచుకున్నానంటే, వానలు మొదలయ్యే ఈ రోజులలో సీతంపేట కొండల నుంచి, మన గజపతి జిల్లా కొండల నుంచి అవి సంతకు దిగుతాయి, ధర కూడా అందుబాటులో ఉంటుంది. దక్షిణ అమెరికాలో పుట్టిన ఈ పండును పోర్చుగీసువారు మన దేశానికి తెచ్చారు. అక్కడి తుపీ భాషలోని పేరే నోళ్ళు మారుతూ వచ్చి మనకు అనాస అయింది. మావుసి మాత్రం దీనిని సపురి అంటుంది, కాబట్టి సంతలో ఆమెతో వెళ్ళినప్పుడు ఆ మాట గుర్తుంచుకోండి.

ఇప్పుడు పేచీ దగ్గరకు వద్దాము. అనాసపండులో నూటికి 86 వంతుల వరకు నీరే ఉంటుంది. అంటే అర కిలో ముక్కలు తీసుకుంటే అందులో సుమారు 430 గ్రాములు నీరు. పచ్చి ముక్కలనే పిండిలో పెట్టి కాల్చితే ఆ నీరంతా అడుగుకు దిగి, పైన ఎర్రగా, కింద పచ్చిపిండిగా తయారవుతుంది. నేను మొదటిసారి చేసినప్పుడు అదే జరిగింది. అప్పట్లో మన ఇంట్లో ఓవెన్ లేదు, మందపాటి ఇనుప మూకుడులో ఇసుక పోసి, మూతపెట్టి కాల్చాను. పండు తీపిగా ఉంది కదా అని వండకుండా, పైగా పంచదార చల్లి మరీ పెట్టాను. పంచదార పండులోని నీటిని బయటకు లాగుతుందని నాకు తెలియకపోలేదు. ఊరగాయ ముక్కలకు ఉప్పు పట్టించినప్పుడు ఊట దిగడం ఏటేటా చూస్తున్నదే. అయినా ఆ వేళకు తోచలేదు. పళ్ళెం నుంచి అవి ఊడిరాక, చివరికి చెంచాతో గీకి తిన్నాము. మీ తాతగారు ఇది హల్వా అనుకుంటే బాగానే ఉందన్నారు.

కాబట్టి పండును ముందుగా వండాలి. తోలు, కళ్ళు, నడిమి గట్టి బొడ్డు తీసివేసి, అర కిలో ముక్కలను సన్నగా తరిగి, 150 గ్రాముల పంచదార, రెండు లవంగాలు, చిటికెడు ఉప్పు వేసి, అడుగు మందంగా ఉన్న గిన్నెలో మధ్యస్థమైన మంట మీద కలుపుతూ ఉడికించండి. ఎంతసేపు అని అడగవద్దు, ఒక్కొక్క పండు ఒక్కొక్క విధంగా ఉంటుంది. ఖాళీ గిన్నెను ముందే తూచి కాగితం మీద రాసుకోండి. ముక్కలూ పంచదారా కలిసి 650 గ్రాములుగా మొదలైనది 300 గ్రాములకు దిగినప్పుడు పొయ్యి ఆర్పండి. అప్పటికి గరిటెతో గీత గీస్తే గిన్నె అడుగు కనిపించి, గీత వెంటనే పూడుకోకుండా ఉంటుంది. కొందరు చిక్కదనం కోసం మొక్కజొన్న పిండి కలుపుతారు కానీ, పుల్లని పండుతో ఎక్కువసేపు ఉడికితే ఆ చిక్కదనం పలచబడుతుంది, నోటికి జిగురుగా కూడా ఉంటుంది. నాకైతే తూకం మీదనే నమ్మకం. ఉడికే పాకం నీటికంటే ఎక్కువ వేడిగా ఉండి చర్మానికి అంటుకుపోతుంది కనుక, ఈ పని పెద్దవాళ్ళు పక్కన ఉన్నప్పుడే చేయండి. పూర్తిగా చల్లారిన తరువాతనే పిండిలో పెట్టాలి. పచ్చి అనాస తిన్నప్పుడు నాలుక చురచురలాడడానికి అందులోని బ్రోమెలైన్ అనే ఎంజైము ఒక కారణం, వండితే అది నశిస్తుంది.

పిండి సంగతి ఇంకా రుచికరమైనది. కజ్జికాయలకు, గవ్వలకు పిండి కలిపే ముందు కాచిన నూనె పోయడం మీరు చూశారు కదా. ఎందుకని అడిగితే గుల్లగా రావడానికి అంటాము. నోటి మాటకు రాతలో చోటుండాలని వాదించిన గిడుగు రామమూర్తి పంతులుగారు పాఠాలు చెప్పిన ఊరు ఇది, కాబట్టి నేను కూడా గుల్ల అనే వంటింటి మాటనే వాడుతాను. గోధుమపిండికి నీరు తగిలి పిసికినప్పుడు అందులోని మాంసకృత్తులు కలిసి గ్లూటెన్ అనే సాగే వలగా అల్లుకుంటాయి. చపాతీకి ఆ సాగుడు కావాలి, పేస్ట్రీకి అదే శత్రువు. కొవ్వు ముందుగా పిండి రేణువులకు పూతలాగా పట్టుకుంటే వాటికి నీరు సరిగా అందదు, వల గట్టిపడదు, వంటకం గుల్లవిచ్చుతుంది.

250 గ్రాముల మైదాకు 125 గ్రాముల వెన్న తీసుకోండి, సగానికి సగం అని గుర్తుంచుకుంటే చాలు. వెన్న ఫ్రిజ్‌లో గట్టిపడినదై ఉండాలి. వెన్న 32 నుంచి 35 డిగ్రీల మధ్య కరిగిపోతుంది, మన ఊరి మధ్యాహ్నం ఆ పని దానంతట అదే చేసిపెడుతుంది. అందుకే తెల్లవారుజామున మొదలుపెట్టమంటాను. మైదాలో అర చెంచా ఉప్పు, ఒక పెద్ద చెంచా పంచదార పొడి కలిపి, వెన్నను చిన్న ముక్కలుగా కోసి వేసి, వేలికొసలతో మాత్రమే నలపండి. అరచేయి వేడిగా ఉంటుంది, దానిని వాడవద్దు. వెన్న పూర్తిగా కలిసిపోనవసరం లేదు, శనగపప్పు బద్దలంత ముక్కలు అక్కడక్కడ మిగలాలి. వెన్నలో నూటికి 16 వంతుల వరకు నీరు ఉంటుంది. కాలేటప్పుడు ఆ ముక్కలలోని నీరు ఆవిరై పిండిని పొరలుగా పైకి లేపుతుంది. ఈ ఉత్తరం మొత్తంలో నీరు మనకు మేలు చేసే చోటు ఇది ఒక్కటే. నెయ్యిలో నీరు ఉండదు కాబట్టి నెయ్యితో చేస్తే గుల్లగా వస్తుంది కానీ పొరలు తక్కువ.

తరువాత ఐస్ నీళ్ళు ఒక్కొక్క చెంచా చల్లుతూ, పిండి కేవలం ముద్దగా అంటుకునేంత వరకే కలపండి. నాలుగైదు పెద్ద చెంచాలకు మించి పట్టదు. మృదువుగా కనిపించేదాకా పిసకాలనే కోరిక పుడుతుంది, ఆపుకోవాలి. ముద్దను మూతపెట్టి 30 నిమిషాలు ఫ్రిజ్‌లో ఉంచితే, అల్లుకున్న కొద్దిపాటి వల సడలుతుంది, వెన్న మళ్ళీ గట్టిపడుతుంది. ఆ అరగంటలో కరెంటు పోతే తలుపు తీయకండి.

అప్పడాల కర్రతో పీట మీద 3 మిల్లీమీటర్ల మందాన ఒత్తి, సుమారు 9 సెంటీమీటర్ల వెడల్పున్న డబ్బా మూతతో బిళ్ళలు కోయండి. 16 నుంచి 18 దాకా వస్తాయి. ఒక్కొక్క బిళ్ళలో చిన్న చెంచాడు పాకం పెట్టి, అంచుకు తడివేలు రాసి, సగానికి మడిచి, కజ్జికాయ అంచు మెలిపెట్టినట్లే మెలిపెట్టండి. పాకం అంచుకు అంటితే అది ఎంత మెలిపెట్టినా విడిపోతుంది. చెక్క అచ్చు ఉంటే వాడవచ్చును కానీ, చేతి మెలిక నాకు ఇష్టం. పైన కత్తిమొనతో రెండు గాట్లు పెట్టండి, ఆవిరికి దారి మనం చూపకపోతే అది తన దారి తానే చూసుకుంటుంది. పాలు పూసి, మరొక 10 నిమిషాలు ఫ్రిజ్‌లో ఉంచండి.

ఈలోగా ఖాళీ పళ్ళెంతో సహా ఓవెన్‌ను 200 డిగ్రీలకు 15 నిమిషాలు వేడి చేయండి. వేడెక్కిన పళ్ళెం మీద పెడితే అడుగు వెంటనే కాలడం మొదలై, తడి పీల్చుకోదు. మొదటి 10 నిమిషాలు 200 దగ్గర, తరువాత 12 నుంచి 15 నిమిషాలు 180 దగ్గర కాల్చండి. పళ్ళెం వేడిగా ఉంటుంది కనుక పెట్టడం, తీయడం మీ అమ్మ చేతులతోనే జరగాలి. తీసిన తరువాత పళ్ళెంలోనే వదిలేస్తే కింద ఆవిరి పట్టి మెత్తబడతాయి, జాలీ మీదకు మార్చండి. లోపలి పాకం చాలాసేపు మరుగుతున్నట్టే ఉంటుంది, 20 నిమిషాలు ఆగి కొరకండి. ఈ వానాకాలంలో అవి గాలిలోని తేమను కూడా పీల్చుకుంటాయి, రెండవ రోజు దాటించవద్దు. మెత్తబడినవాటిని 5 నిమిషాలు ఓవెన్‌లో పెడితే తిరిగి కరకరలాడుతాయి.

మొదటి వాయిలోంచి నాలుగు విడిగా తీసి ఉంచండి, మీరు వచ్చినప్పుడు మావుసి గిన్నెలో పెట్టి తిరిగి ఇద్దాము, అది ఇంకా మన ఇంట్లోనే ఉంది. అవి రెండు రోజులలో మెత్తబడతాయని ఇప్పుడే రాశాను కాబట్టి, బయలుదేరే రోజు ఉదయమే చేయండి. గిన్నె తూకం, వండకముందు పండు తూకం, వండిన తరువాత తూకం, ఈ మూడూ రాసిన కాగితం కూడా తీసుకురండి. 300 దగ్గర ఆపారో, తొందరపడి 400 దగ్గరే ఆపారో అడుగు చూసి నేను చెప్పగలను.

ఇట్లు,
మీ అమ్మమ్మ