పదమూడూ గెలిచి బయట నిలబడ్డ జట్టు

2023 డిసెంబర్ 3, ఆదివారం. అమెరికాలోని టలహాసీలో ఫ్లోరిడా స్టేట్ యూనివర్సిటీ ఫుట్‌బాల్ ఆటగాళ్ళంతా టీవీ ముందు కూర్చున్నారు. ఆడిన 13 మ్యాచ్‌లూ గెలిచారు, ముందురోజు రాత్రే తమ కాన్ఫరెన్స్ (కొన్ని కాలేజీలు కలిసి నడుపుకునే లీగ్) కప్పు ఎత్తారు. జాతీయ టైటిల్‌కి పోటీపడే నాలుగు జట్ల పేర్లు ఒక్కొక్కటే వచ్చాయి: మిషిగన్, వాషింగ్టన్, టెక్సస్. నాలుగో పేరు అలబామా. గదిలో ఒక్కరూ నోరు మెదపలేదు. చెరో మ్యాచ్ ఓడిన టెక్సస్, అలబామా లోపలికి, ఒక్కటీ ఓడని వీళ్ళు ఐదో స్థానంలో, బయట.

ఇదెలా కుదురుతుంది అనిపించడం సహజం. అమెరికా కాలేజీ ఫుట్‌బాల్ (కాలితో ఆడేది కాదు, హెల్మెట్లు పెట్టుకుని గుద్దుకునేది) పై స్థాయిలో ఆ ఏడాది 133 జట్లున్నాయి. ఒక్కో జట్టు ఆడేది 12 మ్యాచ్‌లు, కాన్ఫరెన్స్ ఫైనల్‌కి చేరితే 13. అందరూ అందరితో ఆడే ప్రశ్నే లేదు. ఐపీఎల్‌లోలా పాయింట్ల పట్టిక చూసి తేల్చేద్దామంటే అసలు అలాంటి పట్టికే లేదు. అందుకే ఇక్కడ చాంపియన్ ఎవరన్నది చాలాకాలం మైదానంలో కాకుండా ఓట్లలో తేలింది. 1936 నుంచి అసోసియేటెడ్ ప్రెస్ (ఏపీ) వార్తాసంస్థ పోల్‌లో విలేకరులు ఓటేస్తున్నారు, 1950 నుంచి కోచ్‌లకూ వేరే పోల్ ఉంది. ఈ రెండూ చెరో జట్టుకు పడితే ఆ ఏడాదికి ఇద్దరు చాంపియన్లు! 1990, 1991, 1997ల్లో అదే జరిగింది.

ఆ గొడవ తప్పించడానికి 1998లో బీసీఎస్ పద్ధతి తెచ్చారు. పోల్స్‌కి కంప్యూటర్ లెక్కలు జోడించి, మొదటి రెండు జట్లకే ఫైనల్. మూడో జట్టు ఏడుపు మాత్రం పోలేదు. 2004లో ఆబర్న్ ఒక్క మ్యాచ్ కూడా ఓడకుండా ఇంట్లో కూర్చుని ఫైనల్ చూసింది.

ఫ్లోరిడా స్టేట్ అభిమానులు అంతగా తలుచుకోని చరిత్ర ఒకటుంది. 1993 నవంబర్‌లో నోటర్ డామ్ చేతిలో వీళ్ళు 31-24తో ఓడారు. సీజన్ ముగిసేసరికి రెండు జట్లకూ ఒక్కో ఓటమే. ఓటర్లు మాత్రం ఓడినవాళ్ళనే చాంపియన్ అన్నారు. ఫ్లోరిడా స్టేట్ మొదటి జాతీయ టైటిల్ అదే. 2000లోనూ అంతే. మయామీ వీళ్ళని 27-24తో ఓడించింది, అయినా లెక్కలన్నీ కూడితే ఫైనల్‌కి వెళ్ళింది వీళ్ళే. అక్కడ ఓక్లహోమా చేతిలో 13-2తో ఓడారు. రెండుసార్లు తమవైపు మొగ్గిన త్రాసు మూడోసారి అవతలివైపు మొగ్గిందన్నమాట. అలాగని 2023లో జరిగింది న్యాయమని నేననను.

2014లో నాలుగు జట్ల ప్లేఆఫ్ వచ్చింది. ఎంపిక 13 మంది కమిటీ చేతికి వెళ్ళింది. బాగా గెలిచిన జట్లను కాదు, 'బెస్ట్' జట్లను ఎంచాలన్నది వాళ్ళకిచ్చిన నియమం. ముఖ్యమైన ఆటగాడు అందుబాటులో లేకపోతే దాన్నీ లెక్కలోకి తీసుకోవచ్చు. చిక్కంతా ఆ చిన్న వాక్యంలోనే ఉంది.

2023 నవంబర్ 18న ఫ్లోరిడా స్టేట్‌కి నార్త్ అలబామాతో సొంత మైదానంలో ఆట. క్వార్టర్‌బ్యాక్ (బంతి విసిరి దాడిని నడిపించే ఆటగాడు) జోర్డన్ ట్రావిస్ బంతితో పరుగెత్తి కిందపడ్డాడు. కాలు విరిగింది. బండి మీద బయటికి తీసుకెళ్తుంటే జట్టంతా చుట్టూ చేరింది. ఆ మ్యాచ్ 58-13తో గెలిచారు, తర్వాత ఫ్లోరిడా యూనివర్సిటీ మీదా గెలిచారు. ఈలోగా రెండో క్వార్టర్‌బ్యాక్ తలకి దెబ్బ తగిలింది. కాన్ఫరెన్స్ ఫైనల్‌కి ఫస్టియర్ కుర్రాడు బ్రాక్ గ్లెన్ దిగాడు. అతని పాస్‌లతో వచ్చింది మొత్తం 55 గజాలే. డిఫెన్స్ మాత్రం కొండలా నిలబడి లూయివిల్‌ని 6 పాయింట్ల దగ్గర కట్టేసింది. స్కోరు 16-6.

ట్రావిస్ లేకపోతే ఇది మొదటి 11 వారాల జట్టు కాదని కమిటీ అధ్యక్షుడు బూ కారిగన్ చెప్పాడు. నా కాలు సీజన్ మొదట్లోనే విరిగి ఉంటే బాగుండేది, జట్టు సత్తా మీకు తెలిసేది అని ట్రావిస్ రాసుకున్నాడు. అభిమానులు 2014 గుర్తుచేశారు. ఆ ఏడాది ఒహాయో స్టేట్ కూడా మూడో క్వార్టర్‌బ్యాక్‌తోనే కాన్ఫరెన్స్ ఫైనల్ ఆడింది. కాకపోతే 59-0తో గెలిచి, ఇదే కమిటీ దగ్గర చోటు సంపాదించి, ఏకంగా టైటిల్ కొట్టింది. ఒకరు 59-0, ఇంకొకరు 16-6. గెలుపు గెలుపే కదా అనే మాట కమిటీ గదిలో చెల్లలేదు.

డిసెంబర్ 22న యూనివర్సిటీ తన సొంత కాన్ఫరెన్స్ ఏసీసీ మీదే కోర్టుకెక్కింది. 2036 దాకా టీవీ హక్కులు రాసిచ్చేసిన ఒప్పందం గురించి కోపం అంతకుముందే ఉంది, ఈ అవమానం దానికి ఆజ్యం పోసింది. కేసు 2025 మార్చిలో రాజీతో ముగిసింది.

డిసెంబర్ 30న, సీజన్ చివర ఆడే బౌల్ మ్యాచ్‌ల్లో ఒకటైన ఆరెంజ్ బౌల్‌లో జార్జియాతో మ్యాచ్‌కి ఇరవై మందికి పైగా ఆటగాళ్ళు దిగలేదు. 63-3తో ఓడారు. బౌల్ మ్యాచ్‌ల చరిత్రలో అంత తేడాతో ఎవరూ ఓడలేదు. మరుసటి ఏడాదే ప్లేఆఫ్‌ని 12 జట్లకు పెంచారు. ఆ నిర్ణయం 2022లోనే అయిపోయింది. ఐదో ర్యాంకు జట్టు దర్జాగా వెళ్ళగలిగే ఆ మొదటి సీజన్‌లో ఫ్లోరిడా స్టేట్ 12 మ్యాచ్‌లాడి రెండే గెలిచింది.