ఇ.సి. అనే రెండక్షరాల వెనక ఎలిజబెత్ కేరీ

1613లో లండన్‌లో 'ది ట్రాజెడీ ఆఫ్ మేరియం' అనే నాటకం అచ్చయింది. రచయిత పేరుండాల్సిన చోట విద్యావతి, గుణవతి, ఉన్నతవంశపు దొరసాని అని పొగిడి, చివర 'ఇ.సి.' అని రెండు పొడి అక్షరాలు వేశారు. ఒక ఇంగ్లిష్ మహిళ సొంతంగా రాయగా అచ్చయిన నాటకాల్లో మనకు తెలిసినంతలో మొదటిది ఇదే. అంతకుముందు జేన్ లమ్లీ, మేరీ సిడ్నీ చేసినవి అనువాదాలు.

ఆ ఇ.సి. ఎలిజబెత్ కేరీ. పెద్దింటి బిడ్డ కాబట్టే రాయగలిగిందని తేల్చేయడం తేలిక. కానీ ఆ ఇంటి పలుకుబడి ఏనాడూ ఆమె చేతిలో లేదు. మొదట తండ్రిది, తర్వాత భర్తది, ఆపైన కొడుకుది.

తండ్రి లారెన్స్ టాన్‌ఫీల్డ్ న్యాయవాదిగా ఎదిగి, రాజ ఖజానా వ్యాజ్యాలు చూసే ఎక్స్‌చెకర్ కోర్టుకు ప్రధాన న్యాయమూర్తి అయ్యాడు. ఆక్స్‌ఫర్డ్‌షైర్‌లోని బర్ఫర్డ్ ప్రయరీ వాళ్లిల్లు. ఎలిజబెత్ ఒక్కగానొక్క కూతురు. ఫ్రెంచ్, స్పానిష్, లాటిన్, హీబ్రూ నేర్చుకుంది. రాత్రిళ్లు చదవకుండా కొవ్వొత్తులు ఇవ్వొద్దని తల్లి కట్టడి చేస్తే, పనివాళ్ల దగ్గరే గుట్టుగా అప్పుకు కొనుక్కుంది. పన్నెండేళ్లకే ఆ బాకీ 100 పౌండ్లకు చేరిందని, పెళ్లినాడు తీర్చిందని ఆమె కూతురు రాసిన జీవితచరిత్ర చెబుతుంది.

పదేళ్లప్పటి సంగతి కూడా అందులోనే ఉంది. తండ్రి ముందుకు ఒక ముసలామెను మంత్రగత్తె అని తీసుకొచ్చారు. భయంతో ఆమె అన్నీ ఒప్పేసుకుంటోంది. 'జాన్ సైమండ్స్‌ను కూడా నువ్వే చంపావా అని అడగండి' అంటూ ఎలిజబెత్ తండ్రి చెవిలో చెప్పింది. అవునంది ముసలామె. ఆ సైమండ్స్ ఎలిజబెత్ మేనమామ, నిక్షేపంలా అక్కడే నిలబడి ఉన్నాడు. ముసలామెను వదిలేశారు.

1602లో హెన్రీ కేరీతో పెళ్లి జరిగింది. అతను విదేశాల్లో ఉన్న కాలంలో అత్తగారు పుస్తకాలన్నీ లాగేసుకుంది. చదవడానికేమీ లేక కవిత్వం రాయడం మొదలుపెట్టింది. మేరియం నాటకం కూడా పెళ్లయిన తొలి ఏళ్లలోదే అంటారు పరిశోధకులు.

నాటకంలో కథ ఇది: యూదుల రాజు హేరోదు చనిపోయాడని పుకారు వస్తుంది. భార్య మేరియంకు ఏడుపొస్తుంది, ఊపిరి పీల్చుకున్నట్టూ ఉంటుంది. అతను బతికే తిరిగొస్తే ఆమె ప్రేమ నటించదు. తల తీయించి, ఆ తర్వాత పిచ్చెత్తినట్టు ఏడుస్తాడు హేరోదు. పెళ్లయిన స్త్రీ తనువుతో పాటు మనసూ భర్తకే ఇచ్చేయాలని బృందగానం బోధిస్తుంది. విడాకుల హక్కు మగవాళ్లకే ఎందుకుండాలని హేరోదు చెల్లెలు సలోమీ నిలదీస్తుంది. సలోమీ దుష్టపాత్రే, అయినా ఆ ప్రశ్నకు నాటకంలో ఎవరూ దీటైన జవాబు చెప్పలేరు. నా దృష్టిలో నాటకానికి ప్రాణం అదే. అప్పటి ఇంగ్లండ్ రంగస్థలం మీద ఆడవేషాలు మగపిల్లలే వేసేవారు. మేరియం చదువుకోవడానికి రాసిన నాటకం, ఆమె బతికుండగా ప్రదర్శించిన ఆధారాల్లేవు.

1622లో హెన్రీ ఐర్లండ్‌కు రాజప్రతినిధిగా వెళ్లాడు. అతని ఖర్చుల కోసం, వితంతువైతే తనకు దక్కాల్సిన భూములను ఆమె తాకట్టు పెట్టింది. తండ్రికి కోపమొచ్చి ఆస్తిని మనవడు లూసియస్‌కు రాసేశాడు. 1626లో, ప్రొటెస్టెంట్ దేశమైన ఇంగ్లండ్‌లో ఆమె కాథలిక్ మతంలో చేరిన సంగతి బయటపడింది. భర్త పైసా ఇవ్వనన్నాడు, పిల్లల్ని దూరం చేశాడు. ఏడాదికి 500 పౌండ్లు ఇవ్వాలని రాజుగారి సలహా మండలి అయిన ప్రివీ కౌన్సిల్ 1627లో ఆదేశించినా ఇవ్వలేదు. 1630లో కాథలిక్ మతాధికారి కార్డినల్ పెరోన్ గ్రంథాన్ని ఆమె ఇంగ్లిష్‌లోకి తెస్తే, ఆ ప్రతుల్ని తగలబెట్టించారు. భర్త పోయాక, పెద్దకొడుకు లూసియస్ ఇంట్లో ఉన్న తన ఇద్దరు చిన్న కొడుకుల్ని 1636లో రహస్యంగా తప్పించి విదేశానికి పంపింది. అందుకు విచారణ ఎదుర్కొంది, కానీ పిల్లలెక్కడున్నారో మాత్రం చెప్పలేదు. 1639లో చనిపోయింది.

కూతుళ్లలో నలుగురు ఫ్రాన్స్‌లోని కాంబ్రే మఠంలో సన్యాసినులయ్యారు. వాళ్లలో ఒకరు రాసిన తల్లి జీవితచరిత్ర 1861లో గానీ అచ్చుకాలేదు. నాటకాన్ని 1914లో పాత ఇంగ్లిష్ నాటకాలు అచ్చువేసే మాలోన్ సొసైటీ మళ్లీ ముద్రించింది. 1994లో బ్రాడ్‌ఫర్డ్‌లో మేరియం రంగస్థలం ఎక్కింది.