స్పెయిన్ పాత సినిమాల్లో పేదరికం: అపోహలు - వాస్తవాలు

అపోహ: నియంత ఫ్రాంకో కాలంలో సెన్సార్‌కు జడిసి పేదల కష్టాల జోలికి ఎవరూ పోలేదు.

పోయారు. పైగా 1951లో 'సుర్కోస్' (నాగటి చాళ్లు) తీసిన నియెవెస్ కోందె ప్రభుత్వ వ్యతిరేకి కాడు, ఫ్రాంకో పాలనకు అండగా ఉన్న ఫలాంజ్ పార్టీ మనిషి. పల్లె వదిలి మాద్రిద్ చేరిన రైతు కుటుంబం, ఇరుకు వాటా, బ్లాక్ మార్కెట్ సరుకు, అన్నీ అందులో ఉన్నాయి. సెన్సార్ ముగింపును మాత్రం మార్పించింది.

అపోహ: తర్వాత వచ్చినవి కామెడీలు, వాటిలో పేదరికం ఏముంటుంది?

అసలు పేదరికమంతా వాటిలోనే ఉంది, అదీ లెక్కల రూపంలో. దర్శకుడు బెర్లాంగా 'ప్లాసిదో' (1961) చూడండి. క్రిస్మస్ ముందురోజు రాత్రి పెద్దిళ్లవాళ్లు తలా ఒక పేదవాణ్ని భోజనానికి పిలుస్తారు. స్పాన్సర్ ఒక వంటగిన్నెల కంపెనీ! దాని కోసం జరిగే ఊరేగింపులో బండి తోలే ప్లాసిదోకి ఒకటే దిగులు: మూడు చక్రాల బండి తాలూకు మొదటి వాయిదా ఆ రోజే కట్టాలి. కట్టకపోతే అప్పు కాగితం చట్టపరమైన చర్యకు నోటరీ చేతికి పోతుంది. ఇంత దానధర్మం మధ్య ఆ వాయిదా సంగతి తేల్చే తీరిక ఎవరికీ ఉండదు. వాయిదాల మీద బండి కొన్నవాళ్లకు ఈ సినిమాను వేరే వివరించక్కర్లేదు.

చూసేటప్పుడు ఒక చిక్కుంది. పొడుగాటి షాట్లలో నలుగురైదుగురు ఒకేసారి మాట్లాడతారు, సబ్‌టైటిల్ ఒక్కరి మాటే అందిస్తుంది. అందుకే మొదటిసారి కథ కోసం చూసి, రెండోసారి సబ్‌టైటిల్స్ తీసేసి వెనక వరసలో ఉన్నవాళ్లను గమనించండి.

అపోహ: పేదరికమంటే ఆకలే.

అప్పటి స్పెయిన్‌లో ఇల్లు దొరకడం కూడా గగనమే. దర్శకుడు ఫెరేరి 'ఎల్ పిసితో'లో ఒక ముసలావిడ పేరిట ఉన్న ఇంటి అద్దె హక్కు తనకు దక్కాలని ఒకడు ఆవిణ్ని పెళ్లాడతాడు. బెర్లాంగా 'ఎల్ వెర్దుగో' (1963)లో మామగారి ఉద్యోగం వల్ల వచ్చే ఫ్లాట్ చేజారకుండా అల్లుడు ఆయన చేసే ఉద్యోగంలో, అంటే మరణశిక్షలు అమలు చేసే తలారిగా, చేరతాడు. రెండింటి రచనలోనూ రఫాయెల్ అస్కోనా చెయ్యి ఉంది.

అపోహ: 'లోస్ ఓల్విదాదోస్' స్పెయిన్ మురికివాడల సినిమా.

కాదు. తీసిన బున్యుయెల్ స్పెయినువాడే, కథ మాత్రం మెక్సికో నగరానిది (1950).

అపోహ: బున్యుయెల్ 'లాస్ ఉర్దెస్' (1933) డాక్యుమెంటరీ, అందులో ప్రతి షాటూ నిజం.

ఆ కొండ ఊళ్ల లేమి నిజమే, కొన్ని షాట్లు మాత్రం కావాలని చేయించినవి. మేక కొండ మీంచి జారిపడే చోట ఆపి, ఫ్రేము కుడి అంచు చూడండి. తుపాకీ పొగ కనిపిస్తుంది.