అలిపిరి మెట్లు, ఒంటి లావు: ఈ గొడవ వెనక 2004 నాటి ఫొటో

స్థూలకాయులు, గుండె జబ్బున్నవాళ్లు తిరుమలకు నడిచి రావద్దంటూ 2024లో టీటీడీ ఇచ్చిన సూచన మళ్లీ ఫోన్లలో తిరుగుతోంది. అరవై దాటినవాళ్లకు, షుగరు, బీపీ, ఆస్తమా ఉన్నవాళ్లకు కూడా అందులో అదే మాట చెప్పారు. తిట్లు మాత్రం లావుగా ఉన్నవాళ్లకే పడుతున్నాయి.

ఎవరు లావో, ఎవరు కాదో చెప్పడానికి బరువును ఎత్తుతో పోల్చి వేసే లెక్కే బీఎంఐ. ఆ లెక్కలో అసలు మలుపు 2004లో లాన్సెట్ వైద్య పత్రికలో వచ్చిన ఒక ఫొటో. పుణె డాక్టర్ యాజ్ఞిక్, లండన్ డాక్టర్ యుడ్కిన్ అందులో పక్కపక్కన ఉంటారు. ఇద్దరూ సన్నగానే ఉన్నారు, ఇద్దరి బీఎంఐ 22.3. ఒంట్లో కొవ్వు మాత్రం యుడ్కిన్‌కు 9.1 శాతం, యాజ్ఞిక్‌కు 21.2 శాతం. బక్కపలచటి మనిషికి షుగరేంటని మన ఇళ్లల్లో ఆశ్చర్యపోతామే, దానికి జవాబు ఆ ఫొటోలోనే ఉంది.

మనం అందులో సగమే నేర్చుకున్నాం. 2009లో మన నిపుణులు బీఎంఐ గీత కిందికి దించి, 23 దాటితే అధిక బరువు, 25 దాటితే ఊబకాయం అన్నారు. లావు ముద్ర ఇంకా ఎక్కువమందికి పడింది. సన్నవాళ్లు కూడా పరీక్ష చేయించుకోవాలన్న మాట జనంలోకి అంతగా రాలేదు.

గాలిగోపురం దాకా ఎక్కుడు బాగా నిటారు, బరువెక్కువైతే మోకాళ్లకూ గుండెకూ కష్టమే అని డాక్టర్లు అనడంలో తప్పులేదు. కానీ మెట్టు మెట్టుకూ వంగి పసుపు రాసి కుంకుమ పెట్టుకుంటూ పోయే ఆడవాళ్లను చూడండి. బొద్దుగా ఉన్నామె తేలిగ్గా ఎక్కేస్తుంటుంది, సన్నటామె ఆయాసంతో కూలబడుతుంది. బీపీ ఎవరికుందో చూపుకు అందదు.

ఒంటిని ఉన్నదున్నట్టు ఒప్పుకోమనేవాళ్లు ఆరోగ్యాన్ని గాలికొదిలేయమంటారని ఒక అపోహ ఉంది. 2005లో అమెరికాలో 78 మంది లావుపాటి ఆడవాళ్లతో ఒక పరిశోధన జరిగింది. డైటింగ్ చేసినవాళ్లు తగ్గారు, రెండేళ్లకు మళ్లీ పెరిగారు. బరువు గురించి టెన్షన్ మాని, ఆకలిని బట్టి తిని, ఇష్టంగా ఒళ్లు కదిలించినవాళ్ల బరువు మారలేదు, బీపీ, కొలెస్ట్రాల్ మెరుగయ్యాయి. వెక్కిరిస్తే మనిషి నాజూకు కాడు, డాక్టరు దగ్గరికి పోవడం మానేస్తాడు. 2020లో పలు దేశాల నిపుణులు కలిసి చేసిన ప్రకటనలో ఉన్న హెచ్చరిక కూడా ఇదే.

2025 జనవరిలో లాన్సెట్ పత్రిక తరఫు నిపుణుల కమిషన్ బీఎంఐ ఒక్కటే చూసి ఊబకాయాన్ని తేల్చొద్దంది. లావు వల్ల అవయవాలు దెబ్బతిన్నవాళ్లను, దెబ్బతిననివాళ్లను వేరుగా చూడమంది. ఆ లెక్కన టీటీడీ సూచనలో గుండె జబ్బు, బీపీ, షుగరు ఉండాల్సినవే. స్థూలకాయం అన్నచోట మాత్రం డాక్టరుకు చూపించుకుని రండి అని ఉంటే సరిపోయేది.