స్కైరిమ్‌లో లూట్ అమ్మకం: అపోహలు - వాస్తవాలు

స్కైరిమ్ అనే వీడియో గేమ్ విడుదలైంది 2011 నవంబర్ 11న. ఇన్నేళ్లయినా కొత్తగా మొదలుపెట్టేవాళ్లు వస్తూనే ఉన్నారు, వాళ్లలో నన్ను అడిగేవాళ్లందరి బాధా ఒకటే: "అన్నా, గుహలో దొరికిన సరుకు (లూట్) మొత్తం ఊడ్చుకొచ్చాను, అయినా చేతిలో గోల్డ్ నిలవట్లేదు, ఎక్కడ తప్పు చేస్తున్నాను?" ఈ ఆటలో నేను డ్రాగన్లతో యుద్ధాల కంటే అంగళ్లలో బేరాల మీదే ఎక్కువ గంటలు గడిపాను, ఇప్పటికీ అదే నాకు ఇష్టమైన భాగం. అందుకే ఎక్కువగా వినిపించే అపోహలు ఒక్కచోట రాస్తున్నాను. అంకెలన్నీ మోడ్స్ (ఆటగాళ్లు తయారుచేసి కలిపే మార్పులు) ఏవీ లేని మామూలు ఆటవి.

అపోహ: విలువైన వస్తువు దొరికితే డబ్బు దొరికినట్టే.

మిగతా తప్పులన్నీ దీంట్లోంచే పుడతాయి. స్కైరిమ్‌లో సరుకుకు ఎప్పుడూ కొరత లేదు, కొరతంతా కొనేవాడి గల్లాపెట్టెలోనే. ఆటలోని వైట్‌రన్ అనే ఊరు తీసుకోండి. బెలెథార్ లాంటి సామాన్ల అంగడివాళ్ల దగ్గర సుమారు 750 గోల్డ్ ఉంటుంది, కమ్మరుల దగ్గర 1000, మందుల కొట్టు ఆర్కేడియా దగ్గర 500, డ్రాగన్స్‌రీచ్‌లో ఉండే మాంత్రికుడు ఫారెంగార్ దగ్గర ఇంకో 500. అంతే. మీ దగ్గర పదివేల సరుకున్నా ఆ రోజుకు ఆ ఊరు ఇవ్వగలిగింది దానిలో సగం కూడా ఉండదు. గల్లాపెట్టె మళ్లీ నిండాలంటే ఆటలో 48 గంటలు గడవాలి, అంటే 24 గంటల చొప్పున రెండుసార్లు వెయిట్ చేయాలి, లేదంటే ఆలోపు ఇంకో ఊరు తిరిగి రావాలి.

మరి 1400 పలికే కవచం ఒకటి మీ దగ్గర ఉంది, వైట్‌రన్ కమ్మరి ఏడ్రియన్ దగ్గర 1000 మాత్రమే ఉంది, ఏం చేస్తారు? చాలామంది అలాగే అమ్మేసి 400 వదులుకుంటారు, నేనూ మొదట్లో అలాగే చాలా పోగొట్టుకున్నాను. చేయాల్సింది చిన్న పని. ముందు ఆమె దగ్గరే మీకు పనికొచ్చేవి 400 గోల్డ్‌కి కొనండి: స్టీల్ ఇంగాట్లు (లోహపు కడ్డీలు), తోలు, బాణాలు, ఏవైనా సరే. ఇప్పుడు ఆమె గల్లాపెట్టెలో 1400 ఉంది. అప్పుడు కవచం పెట్టండి. పైసా పోలేదు, పైగా కొలిమికి కావాల్సిన సామాను కూడా చేతికొచ్చింది. ముందు కొనడం, తర్వాత అమ్మడం, ఈ వరుస ఒక్కటి అలవాటైతే ఆట మొదటి ఇరవై లెవెల్స్‌లో మీ ఆదాయం కళ్లకు కనిపించేంత పెరుగుతుంది. వ్యాపారి దగ్గర గోల్డ్ అయిపోయినా ఇదే పద్ధతి, డబ్బుకి బదులు సోల్ జెమ్‌లు (వస్తువులకు మంత్రశక్తి ఎక్కించడానికి వాడే రత్నాలు), పోషన్లు (మందులు) తీసుకోండి, అవి ఎలాగూ రేపు కొనాల్సినవే.

డబ్బు తీసుకుని స్కిల్స్ నేర్పే ట్రైనర్ల సంగతి కూడా ఇక్కడే చెప్పాలి. ఆర్కేడియా మందులు అమ్మడమే కాదు, ఆల్కెమీ (మందులు కాచే విద్య) నేర్పుతుంది కూడా. ఒక్కో లెవెల్‌కి ఐదు పాఠాలు తీసుకోవచ్చు, మీరు కట్టిన ఫీజు ఆమె గల్లాపెట్టెలోకే వెళ్తుంది, ఆ వెంటనే మీ పోషన్లు ఆమెకే అమ్మి ఆ డబ్బు వెనక్కి తెచ్చుకోవచ్చు. స్కిల్ పెరిగింది, సరుకూ అమ్ముడైంది.

అపోహ: కనిపించిందల్లా మూట కట్టుకోవాలి.

మొదట్లో మీరు మోయగలిగేది 300. లెవెల్ పెరిగినప్పుడు స్టామినా ఎంచుకుంటే ఇంకో 5 కలుస్తుంది, అంతే. ఇనుప వార్‌హ్యామర్ బరువు 24, విలువ 60. బంగారు ఉంగరం బరువు 0.25, విలువ 75. ఈ రెండూ పక్కపక్కన పెట్టి చూసుకుంటే ఇక చెప్పేదేమీ ఉండదు, అయినా బందిపోటు చచ్చి పడగానే చేయి ఆ సుత్తి మీదకే పోతుంది, ఎందుకంటే అది పెద్దగా కనిపిస్తుంది. విలువను బరువుతో భాగించండి, నేను చూసే లెక్క అదొక్కటే. ఇనుప కవచానికి నాలుగు వస్తుంది, స్టీల్ ప్లేట్ కవచానికి పదహారు, డ్రాగన్ పొలుసుకు పాతిక, డ్రాగన్ ఎముకకు ముప్ఫై మూడు. వజ్రం బరువు 0.1, విలువ 800, దానికి లెక్కే అక్కర్లేదు. ఆట మొదట్లో పదికి తక్కువ వచ్చినవి నేను ముట్టుకోను, పదిహేనో లెవెల్ దాటాక ఇరవైకి తక్కువవీ వదిలేస్తాను. ఎముకలు, పొలుసులు మాత్రం లెక్క బాగుంది కదా అని అమ్మేయకండి, స్మితింగ్ (కమ్మరి పని స్కిల్) 100 వరకు తీసుకెళ్లే ఆలోచన ఉంటే ఇంట్లో పెట్టెలో దాచండి, డ్రాగన్ కవచానికి అవే కావాలి.

అపోహ: ఇన్వెంటరీలో కనిపించే విలువే మన చేతికొచ్చే ధర.

కాదు. అది మూల విలువ. ఆట మొదట్లో, స్పీచ్ (బేరమాడే స్కిల్) 15 ఉన్నప్పుడు, 1000 విలువున్న వస్తువుకు మీకొచ్చేది దాదాపు 320. అదే వస్తువు కొనబోతే మూడువేల పైచిలుకు అడుగుతారు. స్పీచ్ 100కి చేరితే అమ్మకం సగానికి, అంటే 500కి వస్తుంది, హాగ్లింగ్ అనే పెర్క్ (లెవెల్ పెరిగినప్పుడు వచ్చే పాయింట్లతో తీసుకునే అదనపు సామర్థ్యం) ఐదు ర్యాంకులూ తీసుకుంటే 650. జెనిథార్ తాయెత్తు మెడలో వేసుకుంటే ఇంకో పది శాతం మెరుగు. కానీ ఎన్ని కలిపినా మూల విలువ దాటి ఎవరూ మీకు ఇవ్వరు, పై కప్పు అక్కడే ఉంది. అందుకని ధర పెంచే పెర్కుల కోసం పాయింట్లన్నీ పోయడం నాకు గిట్టుబాటు అనిపించదు, మొదటి అపోహ దగ్గర చెప్పిందే మళ్లీ చెప్తున్నాను, మీరు ధర ఎంత పెంచుకున్నా ఎదుటివాడి గల్లాపెట్టె అంతే ఉంటే లాభం లేదు.

అపోహ: స్పీచ్ చెట్టు (స్పీచ్ పెర్కుల వరుస) దండగ.

హాగ్లింగ్ ఒక్కటే చూసి ఈ మాట అంటారు. స్పీచ్ 50 దగ్గర మర్చంట్ అనే పెర్క్ ఉంది చూడండి, అది తీసుకుంటే ఏ వ్యాపారికైనా ఏ వస్తువైనా అమ్మొచ్చు. కత్తి తీసుకెళ్లి మందుల కొట్టులో పెట్టొచ్చు, పోషన్ తీసుకెళ్లి కమ్మరికి ఇవ్వొచ్చు. వైట్‌రన్‌లో ఇంతకుముందు మీ కత్తులు కొనేవాళ్లు కొందరే, ఇప్పుడు ఊళ్లో గల్లాపెట్టెలన్నీ మీ కోసం తెరిచినట్టే. నా దృష్టిలో ఆట మొత్తంలో డబ్బుకు సంబంధించి ఇంతకన్నా మంచి పెర్క్ లేదు. అక్కడిదాకా వెళ్లడానికి హాగ్లింగ్ మొదటి ర్యాంకు, అల్యూర్ అనే పెర్క్ దాటుకుంటూ వెళ్లాలి, అవి వృథా కావు. స్పీచ్ పెంచడానికి వేరే కష్టం కూడా అక్కర్లేదు, కొనడం అమ్మడంతోనే పెరుగుతుంది.

దాని తర్వాత 70 దగ్గర ఇన్వెస్టర్ ఉంది. దీని మీద ఒక అపోహ బాగా తిరుగుతుంది: 500 పెట్టుబడి పెడితే లాభాల్లో వాటా వస్తుందని. రాదు. ఆ వ్యాపారి గల్లాపెట్టె శాశ్వతంగా 500 పెరుగుతుంది, అంతే. అందుకే మీరు రోజూ వెళ్లే అంగట్లోనే పెట్టండి, ఆట మొత్తంలో రెండుసార్లు వెళ్లే ఊళ్లో పెడితే ఆ 500 వెనక్కి రావడానికి దారి లేదు. స్పీచ్ 100 దగ్గర మాస్టర్ ట్రేడర్ తీసుకుంటే ప్రపంచంలో ప్రతి వ్యాపారికీ 1000 కలుస్తుంది, అప్పటికి ఆట చాలావరకు అయిపోయి ఉంటుంది కాబట్టి దాని కోసం ఎదురుచూడమని చెప్పను.

అపోహ: ఊరు మారితే ధర మారుతుంది.

మారదు. సాలిట్యూడ్‌లో అమ్మినా రివర్‌వుడ్‌లో అమ్మినా లెక్క ఒకటే. దూరం మోసుకెళ్లాల్సింది కొత్త గల్లాపెట్టె కోసమే, మంచి ధర కోసం కాదు.

అపోహ: దొంగిలించిన సరుకు అమ్మాలంటే థీవ్స్ గిల్డ్‌లో (దొంగల ముఠాలో) చేరడం ఒక్కటే దారి.

మామూలు వ్యాపారి దొంగ సరుకు కొనడు, అది నిజమే. గిల్డ్‌లో చేరితే రిఫ్టెన్‌లో టొనీలియా కొంటుంది, ఆమె దగ్గర మొదట 1000 ఉంటుంది, ఊరూరా గిల్డ్‌ని మళ్లీ నిలబెట్టుకుంటూ వస్తే అది 4000 దాకా పెరుగుతుంది, ఒక్క మనిషి దగ్గర అంత డబ్బు ఉండటం ఈ ఆటలో పెద్ద విషయం. కానీ గిల్డ్ లేకుండానే ఇంకో దారి ఉంది. దొంగిలించిన ఇంగాట్‌తో ఉంగరం చేస్తే ఆ ఉంగరం దొంగ సరుకు కాదు. దొంగిలించిన మూలికలతో కాచిన పోషన్‌కూ అంతే. కొలిమి, ఆల్కెమీ బల్ల దాటి వచ్చిన వస్తువుకు మచ్చ ఉండదు.

అపోహ: పెద్ద డబ్బంతా గుహల్లోనే ఉంది.

గుహల్లో ఉన్నది ముడిసరుకు. వైట్‌రన్‌కు ఉత్తరాన హాల్టెడ్ స్ట్రీమ్ క్యాంప్ అనే బందిపోట్ల గని ఉంది, లోపల ట్రాన్స్‌మ్యూట్ మంత్రం పుస్తకం దొరుకుతుంది, ఇనుప ఖనిజం కూడా అక్కడే గోడలకు ఉంటుంది. ఒకసారి మంత్రం వేస్తే ఇనుము వెండి అవుతుంది, రెండోసారి వేస్తే బంగారం. విడివిడిగా చూద్దాం: రెండు ఇనుప ఖనిజం ముక్కలు, రెంటి విలువ కలిపి 4. నాలుగుసార్లు మంత్రం వేస్తే రెండు బంగారు ముక్కలు. వాటిని కరిగిస్తే ఒక బంగారు ఇంగాట్. ఆ ఇంగాట్‌తో రెండు ఉంగరాలు, విలువ 150, రెంటి బరువు కలిపి అర. మధ్యలో ఆల్టరేషన్ (ఈ మంత్రానికి సంబంధించిన స్కిల్), స్మితింగ్ రెండూ పెరుగుతాయి. మ్యాజికా (మంత్రాలకు ఖర్చయ్యే శక్తి) నిండే వరకు ఆగాల్సి రావడం ఒక్కటే ఇబ్బంది, నేను ఒక ఊరి నుంచి ఇంకో ఊరికి నడిచేటప్పుడు దారి పొడవునా వేసుకుంటూ పోతాను, చేరేసరికి సంచీలో ఇనుము ఉండదు.

పోషన్ల విషయంలో జెయింట్స్ టో (రాక్షసుడి కాలివేలు), గోధుమ కలిపి కాచండి, ఫోర్టిఫై హెల్త్ (ఆరోగ్యం పెంచే మందు) వస్తుంది, మంచి ధర పలుకుతుంది. క్రీప్ క్లస్టర్ అనే మొక్క కూడా కలిపితే ఇంకా ఎక్కువ. రాక్షసుడితో తలపడే స్థాయి రాకముందు నీలం సీతాకోకచిలుక రెక్క, నీలం కొండపువ్వు చాలు, రెండూ దారిలోనే దొరుకుతాయి. ఎన్‌చాంటింగ్‌లో (వస్తువులకు మంత్రశక్తి ఎక్కించే పనిలో) బానిష్ అనే ఎన్‌చాంట్‌మెంట్ దొరికితే ఇనుప బాకు మీద వేయండి, ఎన్‌చాంట్‌మెంట్‌తో కలిసే విలువ ఆయుధాన్ని బట్టి మారదు కాబట్టి ఖరీదైన కత్తి అవసరం లేదు. ఇక్కడ గ్రాండ్ (పెద్ద) సోల్ జెమ్ వాడాలనే ఉబలాటం వస్తుంది, వద్దు, వ్యాపారి దగ్గర ఉన్నదానికంటే ఎక్కువ విలువున్న బాకు చేసి ఏం లాభం, చిన్న సోల్ జెమ్‌తో చేస్తే సరిగ్గా గల్లాపెట్టెకు సరిపోయే ధరలో దిగుతుంది.

అపోహ: ఎవరూ కొనని వస్తువు పనికిరానిది.

నగిషీ పెట్టెల్లో దొరికే వింత రత్నాలను చూసే ఈ మాట పుట్టింది. ఏ వ్యాపారీ వాటిని కొనడు. అవి బరెంజియా రాళ్లు, మొత్తం 24. థీవ్స్ గిల్డ్‌లో చేరి అక్కడ ఉండే వెక్స్ అనే ఆమెకి చూపిస్తే సంగతి తెలుస్తుంది. అన్నీ కూర్చి, టోల్వాల్డ్ గుహలో ఉన్న కిరీటం తెచ్చిస్తే ప్రౌలర్స్ ప్రాఫిట్ అనే శక్తి వస్తుంది, అక్కడినుంచి పెట్టెల్లో, కుండల్లో రత్నాలు దొరికే అవకాశం బాగా పెరుగుతుంది. ఓపిక కావాలి, కానీ చేయదగ్గ పని.

మీకు దొరికే డ్రాగన్ క్లాలు (డ్రాగన్ పంజా ఆకారపు తాళంచెవులు) కూడా ఇలాంటివే, నగల్లా మెరుస్తాయి కానీ వాటితో తెరవాల్సిన సమాధి తలుపు తెరవకముందు అమ్మొద్దు, తలుపు మీద తిప్పాల్సిన మూడు జంతువుల వరుస దాని అరచేతి మీదే చెక్కి ఉంటుంది. డేడ్రా హార్ట్‌లు (డేడ్రా అనే జీవుల గుండెలు) 250 పలుకుతాయి, బరువు అర, లెక్క ప్రకారం అమ్మాల్సిందే, నేను మాత్రం ఒక్కటి కూడా అమ్మను. డేడ్రిక్ కవచంలో, ఆయుధంలో ప్రతిదానికీ ఒక్కోటి కావాలి, అప్పుడు వెతుక్కుంటూ తిరగడం ఎంత కష్టమో ఒకసారి పడ్డాను.

రత్నాలు బాగా దొరకడం మొదలయ్యాక వచ్చే ఇబ్బంది మళ్లీ పాతదే: సంచీలో వజ్రాలు నిండుగా ఉంటాయి, ఊళ్లో డబ్బు ఉండదు. అప్పుడు వాటిని రాళ్లుగా అమ్మకండి, బంగారు ఇంగాట్‌తో కలిపి హారాలు చేయండి, స్మితింగ్ పెరుగుతుంది, ఊరికి రెండు మూడు చొప్పున పంచుకుంటూ వెళ్లండి.