పెట్రోల్‌లోకి సీసం ఎలా వచ్చింది?

తొంభైల చివర్లో బండి నడిపినవాళ్లకు బంకుల్లో ‘అన్‌లెడెడ్’ అన్న బోర్డు గుర్తుండే ఉంటుంది. ఇదేదో మేలు రకం పెట్రోల్ కాబోలు అనుకుని పోయించుకున్నాం. నిజానికి అందులో సీసం కలపడం మానేశారు, అంతే. మరి అంతకుముందు ఎందుకు కలిపారు? సీసం విషమని తెలియక మాత్రం కాదు.

అప్పట్లో కారు ఇంజన్‌తో పెద్ద తలనొప్పి ఉండేది. లోపల పెట్రోల్ సమయం తప్పి మండటంతో ఇంజన్ టకటకా కొట్టుకునేది. 1921 డిసెంబరులో జనరల్ మోటార్స్ ఇంజనీరు థామస్ మిడ్జ్‌లీ, టెట్రాఇథైల్ లెడ్ అనే సీసపు రసాయనం కాస్త కలిపితే ఆ చప్పుడు ఆగుతుందని కనిపెట్టాడు. ఆల్కహాల్‌తోనూ ఆగుతుందని ఆయనకు తెలుసు. కానీ ఆల్కహాల్ ఎవరైనా కాచుకోవచ్చు, దాని మీద పేటెంట్ ఎక్కడిది? 1923లో సరుకు బంకులకు వచ్చింది. పేరేమో ‘ఇథైల్’. సీసం ఊసే లేదు.

1924 అక్టోబరులో న్యూజెర్సీలోని స్టాండర్డ్ ఆయిల్ రిఫైనరీలో ఈ రసాయనం తయారుచేసే కార్మికులకు మతి చలించింది. ఐదుగురు చనిపోయారు, పదుల మంది ఆస్పత్రి పాలయ్యారు. అదే రాష్ట్రంలోని డ్యూపాంట్ ఫ్యాక్టరీలోనూ ఇదే గోల. అక్కడి పనివాళ్లు గాల్లో లేని పురుగుల్ని చేత్తో తోలుకుంటూ ఉండేవాళ్లట. ఆ షెడ్డుకు ‘సీతాకోకచిలుకల ఇల్లు’ అని పేరు పడిపోయింది. రిఫైనరీ చావులతో గగ్గోలు రేగేసరికి, ఆ నెలాఖరున మిడ్జ్‌లీ విలేకరులను పిలిచి, వాళ్ల ముందే ఆ ద్రవంతో చేతులు కడుక్కున్నాడు, నిమిషం పాటు దాని వాసన పీల్చి చూపించాడు. ఏడాది కిందటే ఆయన సీసం ఒంటికెక్కి, ఫ్లోరిడా వెళ్లి కోలుకుని వచ్చిన మనిషి!

1925లో అమ్మకాలు ఆపారు, కమిటీ వేశారు, మరుసటి ఏడాది మళ్లీ మొదలుపెట్టారు. ఆ తర్వాత దాదాపు నలభై ఏళ్లు, సీసం మీద పరిశోధనకు డబ్బులిచ్చింది ముఖ్యంగా ఆ పరిశ్రమే. మనిషి ఒంట్లో సీసం ఉండటం సహజమేనని వాళ్ల శాస్త్రవేత్తలు చెబుతూ వచ్చారు.

దాన్ని తిరగదోడిన అమెరికా శాస్త్రవేత్త క్లెయిర్ ప్యాటర్సన్‌కు మొదట పెట్రోల్‌తో సంబంధమే లేదు. ఉల్కల్లోని సీసాన్ని కొలిచి భూమి వయసు లెక్కకట్టడం ఆయన పని. ఎన్నిసార్లు కొలిచినా లెక్క తేడా కొట్టేది. చూస్తే ల్యాబ్‌లోని గాలి, దుమ్ము, గాజుసామాను అన్నిటా సీసమే. అంతా కడిగి, తుడిచి, చివరికి 455 కోట్ల ఏళ్లని తేల్చాడు. కానీ ఆ దుమ్ములోకి ఇంత సీసం ఎక్కణ్నుంచి వచ్చిందన్న ప్రశ్న మాత్రం ఆయన్ను వదల్లేదు. గ్రీన్‌లాండ్ మంచును పొరలు పొరలుగా కొలిస్తే, మన కాలానికి వచ్చేకొద్దీ సీసం పెరుగుతూ పోయింది. ‘సహజం’ అన్న వాదన అక్కడితో సరి.

అయినా అమెరికా బంకుల్లోకి సీసం లేని పెట్రోల్‌ను తెచ్చింది సీసం పిల్లలకు చేటన్న బెంగ ఒక్కటే కాదు. పొగను శుభ్రం చేసేందుకు 1975 నుంచి కార్లకు బిగించిన కెటలిటిక్ కన్వర్టర్లను సీసం పాడుచేసేది. యంత్రం పాడవుతుందంటే కదిలారు!

మన దగ్గర 1995లో నాలుగు మహానగరాల్లో సీసం లేని పెట్రోల్ మొదలై, 2000 ఫిబ్రవరి 1 నుంచి దేశమంతటా సీసం పెట్రోల్ ఆగింది. లోకంలో చివరగా మానేసిన దేశం అల్జీరియా, 2021లో. చిన్న పిస్టన్ విమానాల ఇంధనంలో ఇప్పటికీ కలుపుతూనే ఉన్నారు.

సీసం కుళ్లదు, కరిగిపోదు. అప్పట్లో పొగతో రాలింది పాత రోడ్ల పక్క మట్టిలో ఉంది. పీల్చినవాళ్ల ఎముకల్లో కూడా ఉంది, ఎందుకంటే ఒళ్లు దాన్ని కాల్షియం అనుకుని దాచుకుంటుంది. ఒకసారి ఎముకలో చేరితే దశాబ్దాలు అక్కడే. గర్భిణి ఎముకల్లోంచి బిడ్డ కోసం కాల్షియం కరిగేటప్పుడు, ఆ పాత సీసం కూడా రక్తంలోకి దిగి బిడ్డకు చేరుతుంది.